ఈ వారం సమస్య: మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

పృచ్ఛకుడు:
ఈ వారం సమస్యగా కందపద్యం చివరి పాదం ఇస్తున్నాం. పై మూడు పాదాలూ రాసి పద్యం పూరించాలి.

మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

వస్తువు కూడా ముందే చెబుతున్నాం. 1973లో ప్రకాశ్ మెహ్రా దర్శకత్వంలో వచ్చిన హిందీ చిత్రం ‘జంజీర్’. రచన సలీం–జావేద్. నీతి తప్పని ఇన్‌స్పెక్టర్ విజయ్ ఖన్నాగా అమితాబ్ బచ్చన్ నటించారు. దీపావళి రాత్రి తల్లిదండ్రులను చంపినవాడి ముఖం పిల్లవాడి కంటబడదు. వాడి చేతి గొలుసుకు వేలాడే తెల్ల గుఱ్ఱం బొమ్మ ఒక్కటే కంటబడుతుంది. కాబట్టి సమస్యలో అసంభవంగా కనిపించేది కథలో సంభవమే. పూరణలో చూడవలసింది ఆ ముడి ఎంత సహజంగా విప్పారన్నది.

పాదం గణాలు: మణిక | ట్టున గు | ఱ్ఱ మాడె | మారణ | వేళన్. అంటే స (IIU), స, జ (IUI), భ (UII), గగ (UU). I అంటే ఒక మాత్ర లఘువు, U అంటే రెండు మాత్రల గురువు. యతి (పాదం మొదటి అక్షరానికి నాలుగో గణం మొదటి అక్షరంతో పొత్తు) మ–మా. మొదటి అక్షరం లఘువు కనుక నాలుగు పాదాలూ లఘువుతోనే మొదలవ్వాలి. ప్రాస (ప్రతి పాదంలో రెండో అక్షరం) ణకారం. ఈ వారం ణకు ణ తప్ప మరో అక్షరం ఒప్పుకోం, ద్విత్వం కూడా కుదరదు. పాదం ఎత్తుకునే మాటలు ముందే ఒక కాగితం మీద రాసుకుంటే పని తేలికవుతుంది: క్షణ, గుణ, రణ, ఫణి, వ్రణ, తృణ, అణఁచు, వణకు, గణియించు, గొణుగు. మూడు గణాల పాదం, ఐదు గణాల పాదం కలిపి ఎనిమిది గణాలుగా లెక్కపెట్టండి. బేసి గణాల్లో జగణం రాకూడదు. ఆరో గణం జగణమో నలమో (నాలుగు లఘువులు) కావాలి. ఎనిమిదోది గురువుతో ముగియాలి.

పేర్ల విషయం కూడా చూసుకోండి. తేజా (హంతకుడు), మాలా (సాక్షి), షేర్‌ఖాన్ (విజయ్ స్నేహితుడు) మూడూ గగలు, పాదం మొదలూ ఆరో గణమూ తప్ప ఎక్కడైనా ఒదుగుతాయి. ‘విజయ్’ లఘువు, గురువు. మూడే మాత్రలు కనుక ఒంటరిగా గణం కాదు. ‘విజయుఁడు’ అంటే నలం, హాయిగా సరిపోతుంది.

నేల టికెట్:
క్షణమున తలిదండ్రులు పడ
వణకుచు దాగిన కొడుకటు వంకయె చూడన్
ఫణివలె గొలుసదె మెఱసెను
మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

శకటరేఫ:
గణాలు, యతి, ప్రాస అన్నీ నిలిచాయి. ‘మణికట్టున’ను పై పాదంతో కలిపి ‘గొలుసదె మెఱసెను మణికట్టున’ అని చదువుకునే వీలుండటం మంచి పని. సమస్యా పాదాన్ని మొదటి మాట దగ్గరే విరిస్తే అతుకు కనబడదు. పేచీ ‘ఫణివలె’ దగ్గర. గొలుసును పాముతో పోల్చడం తప్పు కాదు గానీ పక్కనే గుఱ్ఱం ఉంది. ఒకే చేతి మీద పామూ గుఱ్ఱమూ రెండూ ఎక్కితే చదివేవాడి చూపు చీలుతుంది. ప్రాస కోసం వచ్చిన పామని తెలిసిపోతోంది.

పాత రీలు:
నాది వస్తువు మీద అభ్యంతరం. పద్యంలో దీపావళి లేదు. హత్య జరిగింది ఆ రాత్రి, చివర తేజా చేతి గొలుసును విజయ్ గుర్తుపట్టేదీ మళ్లీ దీపావళికే. ఆ రెండు పండుగల నడుమ కథంతా నడుస్తుంది. దాన్ని వదిలేస్తే ఏ హత్య కథకైనా ఈ పద్యం అంటించవచ్చు. ‘అటు వంకయె’ కూడా గణం నింపడానికి వచ్చిన మాటే.

శకటరేఫ:
మూడో పాదం ఇలా మారిస్తే పామూ పోతుంది, పండుగా వస్తుంది:

వ్రణమయ్యెఁ బండుగే యట

వ్రణమ | య్యెఁ బండు | గే యట. స, జ, భ. జగణం రెండో చోట ఉంది కనుక దోషం లేదు.

నేల టికెట్:
పాదం బాగుంది, కాని నేను తీసుకోలేను. దానితో గొలుసు ఎగిరిపోతుంది. గొలుసు లేకుండా గుఱ్ఱం మణికట్టు మీదికి ఎలా వచ్చిందో సినిమా చూడనివారికి తెలియదు. పైగా సినిమా పేరే గొలుసు.

పృచ్ఛకుడు:
నేల టికెట్ గారి వాదన నిలుస్తుంది. సమస్యలోని అసంభవానికి కారణం పద్యంలోనే దొరకాలి, చదివేవారి జ్ఞాపకం మీద వదలకూడదు. పండుగకు చోటు మొదటి రెండు పాదాల్లో వెతకండి.

యతిమైత్రి:
అణగని కలలో ప్రతినిశి
గణగణ గిట్టల రవమున గదలెడి హయమే
గణుతింపఁగ నాఁ డసురుని
మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

పాత రీలు:
కలను పట్టుకోవడం చాలా బాగుంది. పెద్దవాడై ఖాకీ వేసుకున్నా విజయ్‌ని ఆ తెల్ల గుఱ్ఱం నిద్రలో వదలదు. అంతటి దిట్టమైన పోలీసును లోపల ఇంకా పిల్లవాడిగానే నిలిపి ఉంచేది ఆ కలే. ఇంతవరకూ వచ్చినవాటిలో కథ నాడిని పట్టింది ఈ పద్యమే.

శకటరేఫ:
రెండో పాదంలో రెండు లోపాలు. గణగణ గంటల చప్పుడు, గిట్టలది టకటక. ప్రాస కోసం చప్పుడునే మార్చారు. రెండోది, ‘హయమే’ అన్నాక నాలుగో పాదంలో మళ్లీ ‘గుఱ్ఱము’ వస్తోంది. హయమే గుఱ్ఱమై ఆడిందంటే పునరుక్తి. సమస్యలో ఉన్న మాటకు పర్యాయపదం పై పాదాల్లో వాడితే సమస్య బిగువు అక్కడే సడలిపోతుంది. గుఱ్ఱాన్ని చివరిదాకా దాచాలి. నా సవరణ:

అణగని కలలో ప్రతినిశి
వణకించుచు నిదుర చెఱచి వచ్చెడి రూపే
గణుతింపఁగ నాఁ డసురుని
మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

వణకిం | చుచు నిదు | ర చెఱచి | వచ్చెడి | రూపే. ఆరో గణం నలం, యతి వ–వ.

యతిమైత్రి:
‘రూపే’ అనగానే పద్యం లేచింది. కృతజ్ఞతలు, అలాగే ఉంచుతాను.

బేసిగణం:
ఠాణా విచారణ పద్ధతిలో క్రమాలంకారం:

క్షణమాగుము! గొలుసెచ్చట?
వణకక చెపు మేది యాడె? వరుస నెపు డనన్
ప్రణతుల బాలుఁడు పలికెను
మణికట్టున, గుఱ్ఱ మాడె, మారణవేళన్

శకటరేఫ:
మూడు ప్రశ్నలకు మూడు జవాబులు, పాదం ఉన్నది ఉన్నట్టు మూడు ముక్కలై కూర్చుంది. క్రమాలంకారానికి ఈ సమస్య ఇంతగా లొంగుతుందని అనుకోలేదు. ‘వరుస’ అన్న మాట యతిని నిలిపింది, అలంకారాన్నీ సూచించింది. ‘ప్రణతుల’ మాత్రం తేలిపోయింది. తల్లిదండ్రులు అప్పుడే పోయిన పిల్లవాడు దండాలు పెడుతూ జవాబు చెప్పడు. ‘అణఁచిన భయమునఁ బలికెను’ అంటే గణాలు మూడూ నలాలే, మనసుకూ దగ్గరగా ఉంటుంది. బాలుడని వేరే చెప్పక్కర్లేదు, ‘వణకక చెపుము’ అన్నప్పుడే తెలుస్తోంది.

పాత రీలు:
ఇలాంటి విచారణ సినిమాలో లేదు. కల్పనగా అభ్యంతరం లేదు గానీ, ఠాణా ప్రశ్నలు కావాలంటే అసలు ఘట్టం మాలాది. కత్తులు నూరుకుని బతికే అమ్మాయి, పాత్ర జయా భాదురీది. తేజా మనుషుల బండి కింద పడి పిల్లలు చనిపోవడం ఆమె చూసింది, డబ్బు తీసుకుని నోరు మూసుకుంది. విజయ్ అరుపులకు ఆమె లొంగలేదు. ఆ పిల్లల శవాలను చూపించాకే నిజం చెప్పింది. సాక్షి భయం, సాక్షి బేరం, సాక్షి మనసు మారడం మూడూ అక్కడున్నాయి. దానికి వేరే సమస్య కావాలి.

కొత్త కలం:
కందం ఇప్పుడిప్పుడే రాస్తున్నాను. దోషాలు చెప్పండి.

రణధీరుఁడైన విజయుఁడు
జనులందరి మేలు కోరి సాగుచు నుండన్
ఫణివంటి తేజ కరాన
మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

బేసిగణం:
మొదటి పాదం శుభ్రంగా ఉంది: రణధీ | రుఁడైన | విజయుఁడు. రెండో పాదంలో గణాలు సరే, జ–సా యతి సరే, ప్రాస మాత్రం పోయింది. ‘జనులు’లో ఉన్నది నకారం. చెవికి దగ్గరగా వినిపించడం వల్ల ఈ పొరపాటు తరచూ వస్తుంది. పాదం రాయగానే రెండో అక్షరం కింద గీత గీసుకుని నాలుగింటినీ పక్కపక్కన పెట్టి చూడండి. మూడో పాదంలో ఫణివం | టి తేజ | కరాన. చివరి గణం జగణమైంది, బేసి చోట అది నిషిద్ధం. ‘కరమున’ అని నలం చేస్తే గణం కుదురుతుంది గానీ ‘కరమున మణికట్టున’ అని రెండు సప్తములు మిగులుతాయి. చెయ్యి ఒకసారి చెబితే చాలు.

శకటరేఫ:
అర్థంలో ఇంకా పెద్ద చిక్కుంది. కొత్త కలం గారూ, మీ పద్యంలో విజయుడు ఎదిగిన అధికారి. తల్లిదండ్రుల హత్యనాటికి అతను పిల్లవాడు. మరి మీ ‘మారణవేళ’ ఎవరి మారణం? ఈ సమస్యకు కీలకం అదే. పాదంలో హతుడి పేరు లేదు కాబట్టి పై మూడు పాదాల్లో దాన్ని తేల్చాలి. కథలో దీనికి సరిపడే చావులు రెండు. ఒకటి మొదటి దీపావళి నాటి తల్లిదండ్రులది, రెండోది చివర తేజాది. మీరు రెండోదాన్ని పట్టుకుంటే ఎదిగిన విజయుడు నిలుస్తాడు, అదే గుఱ్ఱం తన యజమాని చావుకు ఆడినట్టవుతుంది. ఆ దారిలో ఇంతవరకు ఎవరూ రాయలేదు. మీ సామగ్రితోనే:

రణధీరుఁడైన విజయుఁడు
గుణగణముల మేలుబంతి కుటిలుర నణఁచన్
ఫణిసముఁడగు తేజాకును
మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్

గుణగణ | ముల మే | లుబంతి | కుటిలుర | నణఁచన్. ఆరోది జగణం, యతి గు–కు. ఇక్కడ ఫణి ఎందుకు నప్పిందంటే పోలిక గొలుసుకు కాదు, తేజాకు.

కొత్త కలం:
‘అణఁచన్’ ఒక్కటే కాలాన్ని తేల్చేసింది. అర్థమైందండీ. తేజా పాత్ర అజిత్‌దే కదా? షేర్‌ఖాన్‌ను కూడా ఈ సమస్యలోకి తేవచ్చా?

పాత రీలు:
తేజా అజిత్‌దే. షేర్‌ఖాన్‌ది ప్రాణ్. జూద గృహాలు నడిపే పఠాన్. ఠాణాకు పిలిస్తే దర్జాగా కూర్చోబోతాడు, విజయ్ ఆ కుర్చీని తన్నేస్తాడు. నీ బలమంతా ఒంటి మీది యూనిఫాంది అని షేర్‌ఖాన్ సవాలు విసిరితే విజయ్ మామూలు బట్టల్లో అతని పేటకే వెళ్లి కలబడతాడు. ఆ తర్వాత షేర్‌ఖాన్ జూదం మానేసి ప్రాణస్నేహితుడవుతాడు. మన్నా డే పాడిన స్నేహగీతం అతని మీదే ఉంది. అలాంటివాడి మణికట్టుకు ఈ గుఱ్ఱాన్ని కట్టకూడదు. తెస్తే చివరి పోరులో తోడుగా తేవాలి.

పృచ్ఛకుడు:
షేర్‌ఖాన్ చేతికే గొలుసు తొడిగిన పూరణ ఒకటి వచ్చింది. పద్యం నడక బాగున్నా వస్తుదోషం వల్ల పక్కన పెట్టాం. ఇంకొకరు ‘గుఱ్ఱ’ను విడదీసి ‘మాడె’ను మాడిపోవడంగా తీసుకున్నారు. గుఱ్ఱ అన్నది ఒంటరిగా కర్తగా నిలవదు, ‘గుఱ్ఱము’ కావాలి. ‘ము’ను ‘ఆడె’తో కలిపేసుకున్నాక ‘మాడె’కు మకారం మిగలదు.

యతిమైత్రి:
తెలుగు రూపాల మాట కూడా ఒకటి. 1974లో ఎన్టీ రామారావు కథానాయకుడిగా ఎస్.డి.లాల్ దర్శకత్వంలో వచ్చిన ‘నిప్పులాంటి మనిషి’ ఈ కథే. షేర్‌ఖాన్ పాత్ర కైకాల సత్యనారాయణ చేశారు. 2013లో రామ్‌చరణ్‌తో హిందీలో మళ్లీ తీశారు, తెలుగులో అది ‘తుఫాన్’. షేర్‌ఖాన్‌గా అక్కడ సంజయ్ దత్, ఇక్కడ శ్రీహరి. ఆ వివరాలు పూరణల్లో కలపవచ్చా?

పృచ్ఛకుడు:
వద్దండీ. ఈ వారానికి 1973 చిత్రమే. మూడు రూపాల వివరాలు కలిస్తే పూరణల్ని సరిచూడటం కష్టం.

శకటరేఫ:
నా పూరణ:

అణువంతయు మొగ మెఱుఁగఁడు
గణియించుచు నిరువదేండ్లు గడపిన వాఁడే
గొణిగెను నిద్దుర నిటులని
“మణికట్టున గుఱ్ఱ మాడె మారణవేళన్”

పాత రీలు:
హంతకుడి ముఖం తెలియకపోవడం, ఇరవై ఏళ్ల గడువు, పీడకల మూడూ ఉన్నాయి. సమస్య నిద్రలో పలవరింతగా మారడంతో అసంభవమన్న ప్రశ్నే లేకుండా పోయింది. అయితే మొదటి పాదంలో ఎవరి ముఖం? చంపినవాడిదని పద్యం చెప్పదు.

బేసిగణం:
‘మారణవేళన్’ దాకా చదివాక తెలుస్తుంది. వెనక్కి తిరిగి చదివించే పద్యమిది. నాకైతే అది గుణమే. ‘వాఁడే’లోని ఏకారం మాత్రం ఊతగా వచ్చింది.

శకటరేఫ:
ఒప్పుకుంటాను. ‘గడపినవాఁడై’ అంటే వాక్యం సాఫీగా ముందుకు పోతుంది. గణం అదే, గగ.

పృచ్ఛకుడు:
ఎంపిక చెబుతున్నాను. యతిమైత్రి గారి సవరించిన పద్యానికి మొదటి స్థానం. కారణం ‘రూపే’ దాకా దాచి నాలుగో పాదంలో గుఱ్ఱాన్ని విడిచిన తీరు. శకటరేఫ గారి పలవరింత దానికి చాలా దగ్గరలో ఉంది. ‘మొగము’ ఎవరిదో మొదట్లోనే తేలి ఉంటే స్థానాలు తారుమారయ్యేవి. బేసిగణం గారి క్రమాలంకారం మూడోది. కొత్త కలం గారూ, మీరు ఎంచుకున్న చావు మిగతావారికి తట్టనిది. ప్రాస మీద పట్టు దొరికేదాకా కందమే రాస్తూ ఉండండి.

వచ్చే వారానికి ఆటవెలది పాదం, అదే చిత్రం:

కత్తి నూరు చెలియ కత్తి మాన్పె

ఐదూ సూర్యగణాలు (UI లేదా III), యతి క–క. ప్రాస నియమం లేదు, యతి బదులు ప్రాసయతి (రెండో అక్షరాల పొత్తు) వాడుకోవచ్చు. లంచం తీసుకున్నాడన్న అబద్ధపు కేసులో జైలుకు వెళ్లివచ్చిన విజయ్ దగ్గర, పగ మానేస్తానని మాట తీసుకునేది మాలాయే, తర్వాత ఆ కట్టు సడలించేదీ ఆమే. మీరు ఈ రెంటిలో ఏ ఘట్టం మీద రాస్తున్నారో మొదటి పాదంలోనే తేలాలి. పూరణలు శుక్రవారం రాత్రిలోగా పంపండి. గణవిభజన పక్కనే రాసి పంపితే చూడటం తేలిక.