గ్రీసు శిథిలాలు: చిన్న గుంపుతో గైడ్ టూరా, సొంతంగా తిరగడమా?

శ్రావణి_ఫ్రాంక్‌ఫర్ట్:
అందరికీ నమస్కారం. అక్టోబరులో అమ్మానాన్నలు విజయవాడ నుంచి మా దగ్గరికి వస్తున్నారు. వాళ్ళని తీసుకుని గ్రీసు వెళ్దామనుకుంటున్నాం. ఏథెన్స్, డెల్ఫీ, మైసీనీ, ఎపిడారస్, వీలైతే ఒలింపియా. నాన్న హిస్టరీ లెక్చరర్‌గా రిటైరయ్యారు, ఈ ఊళ్ళన్నీ క్లాసులో చెప్పినవే, ఒక్కటీ చూడలేదు. మోకాళ్ళ నొప్పులు కూడా ఉన్నాయి. అమ్మకి రాజుల గొడవ అక్కర్లేదు, మనుషులు ఎలా బతికారో చెబితే మాత్రం ఎంతసేపైనా వింటుంది.

మా ఆయన పన్నెండు మందికి మించని గుంపుతో, గైడ్ ఉండే నాలుగు రోజుల టూర్ బుక్ చేద్దామంటున్నారు. నాకేమో అదే డబ్బుతో కారు అద్దెకు తీసుకుని మన ఇష్టమొచ్చినంత సేపు ఉందామని ఉంది. ప్రతిచోటా గ్రీకుతో పాటు ఇంగ్లిష్‌లోనూ బోర్డులు ఉంటాయట, ఫోన్లో ఆడియో ఉంటుంది. ఇంట్లో రెండు పార్టీలయ్యాయి. వెళ్ళొచ్చినవాళ్ళు ఏది నయమో, ఎందుకో చెప్పండి.

బాటసారి_బందరు:
శ్రావణి గారూ, కారు తీసుకోండి. రెండో ఆలోచన వద్దు.

గుంపు చిన్నదైనా గుంపే. పన్నెండు మందిలో ఒకరికి ఫొటోలు, ఒకరికి బాత్రూమ్, ఒకరికి కాఫీ. పెళ్ళివారి బస్సులా ఒకరు ఎక్కేలోపు ఇంకొకరు దిగుతారు. ఏథెన్స్ నుంచి డెల్ఫీ 180 కిలోమీటర్లు, పోవడానికి రెండున్నర గంటలు, రావడానికి రెండున్నర. మధ్యలో భోజనం, ఒక షాపు దగ్గర ఆగడం. గుడి, థియేటరు, మ్యూజియం అన్నిటికీ కలిపి మిగిలేది రెండు మూడు గంటలు. స్టేడియం కొండ పైనుంది, చాలా గుంపులు అక్కడిదాకా ఎక్కవు.

మేం ముందు రోజు రాత్రి దగ్గర్లోని అరాహోవాలో పడుకుని, పొద్దున్నే గేటు తీసేసరికి వెళ్ళాం. థియేటరు పై మెట్ల మీద కూర్చుంటే కింద అపోలో గుడి స్తంభాలు, వాటి కింద లోయ నిండా ఆలివ్ తోటలు. బస్సులొచ్చే దాకా అక్కడ మేమే. గ్రీకులు ఆ చోటే ఎందుకు ఎంచుకున్నారో చెప్పడానికి నాకు గైడ్ అవసరం పడలేదు. మీ నాన్నగారికి చరిత్ర తెలుసు కదా, ఆయన్ని మించిన గైడ్ ఎవరు?

పద్మజ_టీచర్:
బాటసారి గారూ, మీరు వర్ణించిన ఆ ఉదయం నాకూ ఇష్టమే. కానీ ఒక ప్రశ్న. థియేటరుకి వెళ్ళేదారిలో అపోలో గుడి అరుగు కింద ఒక పొడవాటి రాతి గోడ ఉంటుంది. క్రీ.పూ. 6వ శతాబ్దపుది. రాళ్ళు చదరంగా ఉండవు, వంపులు తిరిగి ఒకదానిలో ఒకటి ఇరుక్కుని ఉంటాయి. దాన్ని మీరు చూశారా, దాటి వెళ్ళిపోయారా?

ఆ గోడ నిండా అక్షరాలు. చాలా చిన్నవి, దగ్గరికి వెళ్ళి పక్కనుంచి వెలుగు పడేటప్పుడు చూస్తే తప్ప కనబడవు. వందల శాసనాలు. అవి రాజుల విజయాలు కావు, బానిసల విడుదల పత్రాలు. యజమాని తన బానిసను అపోలో దేవుడికి అమ్మినట్టు రాస్తారు. డబ్బు నిజానికి ఆ బానిస కూడబెట్టుకున్నదే. ఆ మనిషి పేరు, వెల, సాక్షుల పేర్లు అన్నీ ఉంటాయి. కొన్నిటిలో ఒక షరతు: యజమాని చనిపోయేదాకా విడుదలైన మనిషి అక్కడే ఉండి చాకిరీ చెయ్యాలి. స్వేచ్ఛ కొనుక్కుని కూడా కదలడానికి లేదు.

మా గైడ్ మమ్మల్ని ఆ గోడ ముందు నిలబెట్టి, ఒక శాసనంలో ఒక ఆడమనిషి పేరు, వెల వేలితో చూపించి (తాకకుండానే) చదివి అర్థం చెప్పింది. మేం పది మందిమి. ఒక్కరూ ఫోన్ తియ్యలేదు. అదే సమయంలో మా వెనక నుంచి ఎంతోమంది ఆ గోడను దాటుకుని పైకి వెళ్ళిపోయారు. శ్రావణి గారి అమ్మగారికి కావలసింది ఇదే కదా, మనుషులు ఎలా బతికారన్నది.

లోయ అందం కళ్ళున్నవాళ్ళందరికీ కనిపిస్తుంది. ఆ అక్షరాలు ఒకరు చూపిస్తేనే కనిపిస్తాయి.

బాటసారి_బందరు:
గోడ చూశాను మేడమ్, శాసనాలున్నాయని బోర్డు మీద చదివాను. ఆ షరతు సంగతి మాత్రం ఇప్పుడే వింటున్నాను, థాంక్స్. అయినా మీకు దొరికింది మంచి గైడ్. అందరికీ అలాంటివాళ్ళే దొరుకుతారని ఏముంది?

ఎపిడారస్ థియేటర్ సంగతే చూడండి. క్రీ.పూ. 4వ శతాబ్దంలో కట్టింది, దాదాపు 14 వేల మంది పడతారు. ప్రతి గైడూ మధ్యలో నిలబడి నాణెం పడేస్తారు, కాగితం చింపుతారు, అగ్గిపుల్ల గీస్తారు, చివరి వరస దాకా వినిపిస్తుందంటారు. 2017లో నెదర్లాండ్స్‌లోని ఐండ్‌హోవెన్ టెక్నికల్ యూనివర్సిటీ వాళ్ళు పరికరాలు పెట్టి కొలిచారు. గట్టిగా మాట్లాడితే వెనక దాకా వినిపిస్తుంది, నాణెం చప్పుడు అయితే అది నాణెమని సగం వరసల దాకానే గుర్తుపట్టగలమని తేలింది. మా ముందున్న గుంపుకి మాత్రం గైడ్ ఆ పాత మాటే చెబుతున్నాడు. డబ్బిచ్చి పుక్కిటి పురాణం వినడం కంటే బోర్డు చదువుకోవడం మేలు.

గోదారి_గాలి:
ఈ గొడవ మనతో మొదలవలేదండీ. క్రీ.శ. 2వ శతాబ్దంలో పౌసానియాస్ అనే ఆయన గ్రీసంతా తిరిగి, చూసిన గుళ్ళూ విగ్రహాలూ వివరంగా రాశాడు. ఆర్గోస్ ఊరి గైడ్‌ల గురించి చెబుతూ, తాము చెప్పేదంతా నిజం కాదని వాళ్ళకీ తెలుసు, అయినా చెబుతూనే ఉంటారు, జనం నమ్మకాన్ని మార్చడం తేలిక కాదు కదా అంటాడు. ఆయన కంటే కొంచెం ముందువాడు ప్లుటార్క్, డెల్ఫీలో పూజారిగా చేసినవాడు. ఆయన రాసిన ఒక సంభాషణలో డెల్ఫీ గైడ్‌లు వస్తారు. కాస్త కుదించండయ్యా, ప్రతి శాసనమూ చదవక్కర్లేదు అని యాత్రికులు బతిమాలుతున్నా వినకుండా తమ పాఠం తాము అప్పజెప్పుకుంటూ పోతారు.

అంటే గైడ్‌లని తిట్టుకుంటూనే వాళ్ళ వెంట నడవడం రెండువేల ఏళ్ళ నాటి అలవాటు. పౌసానియాస్ కూడా వాళ్ళు చెప్పింది విని, తన బుద్ధితో తూకం వేసుకుని రాసుకున్నాడు. నేను పద్మజ గారి వైపే. తప్పు చెప్పే గైడ్‌ని ప్రశ్న అడగొచ్చు. పది మందిలో ఉంటే అడగడానికి వీలుంటుంది, యాభై మంది బస్సులో వీలుండదు. చిన్న గుంపుకి ఎక్కువ డబ్బు పెట్టేది అందుకే.

ఇంకో ముఖ్యమైన మాట. గ్రీసులో పురావస్తు స్థలాల లోపల వివరించి చెప్పడానికి లైసెన్సు ఉన్న గైడ్‌లకే అనుమతి. మెడలో బ్యాడ్జి ఉంటుంది. టూర్ లీడర్, డ్రైవర్-గైడ్ అని పెట్టి అమ్మే వాటిలో చాలామంది గేటు దాకానే వస్తారు, లోపల మీరే తిరగాలి. బుక్ చేసేముందు లైసెన్సున్న గైడ్ లోపలికి వస్తారా, టికెట్లు కలిపేనా అని రాతపూర్వకంగా అడగండి. ఏథెన్స్ కొండ మీది ఆక్రోపోలిస్ కోట టికెట్ ఒక్కటే 2025 ఏప్రిల్ నుంచి 30 యూరోలు. నలుగురికి అంటే చిన్న మొత్తం కాదు.

నరసరావుపేట_జాన్:
కొరింథు ఎవరూ అనలేదేంటి? మైసీనీకి వెళ్ళే దారిలోనే. మన తెలుగు క్రైస్తవ సంఘాల నుంచి అపొస్తలుడు పౌలు తిరిగిన చోట్లు చూద్దామని వచ్చేవాళ్ళు చాలామంది. చిన్నప్పటి నుంచి బైబిల్లో చదివిన కొరింథీయుల పత్రిక ఈ ఊరివాళ్ళకి రాసిందే అని అక్కడ నిలబడి అనుకుంటే ఒళ్ళు జలదరించింది. ఊరి మధ్య అంగడిలో న్యాయపీఠం అరుగు ఉంది, రోమన్ గవర్నరు గల్లియో ముందు పౌలుని నిలబెట్టింది అక్కడేనంటారు. గైడ్ లేకపోతే అది మామూలు రాతి దిమ్మ.

కానీ మా గుంపులో అందరికీ ఆ ఒక్క అరుగే కావాలి. పక్కనే అపోలో గుడి, ఏకశిలా స్తంభాలతో నిలబడి ఉంది, పౌలు వచ్చేనాటికే దాని వయసు 500 ఏళ్ళు దాటింది. దాని వైపు ఎవరూ తిరగలేదు. కాబట్టి గుంపులో ఎవరెవరున్నారో కూడా చూసుకోండి సిస్టర్.

శ్రావణి_ఫ్రాంక్‌ఫర్ట్:
అందరికీ థాంక్సండీ. పద్మజ గారు రాసిన గోడ సంగతి అమ్మకి ఫోన్లో చదివి వినిపించాను. "ఆ షరతు పెట్టింది ఎవరు, ఆ పిల్ల చివరికి బయటపడిందా?" అని అడిగింది. నా దగ్గర జవాబు లేదు.

నాన్న మోకాళ్ళ సంగతే టెన్షన్. గుంపు నడిచే వేగం ఆయన అందుకోలేరేమో. ఆక్రోపోలిస్ ఎక్కగలరా?

గోదారి_గాలి:
ఎక్కగలరండీ, నిదానంగా. అక్కడ పాలరాయి కాళ్ళ అరుగుడికి నున్నగా అయిపోయింది, పట్టున్న బూట్లు తప్పనిసరి. నడవలేనివాళ్ళకి ఉత్తరం వైపు లిఫ్టు ఉంది, ముందే కనుక్కుని వెళ్ళండి. పైన 2020 నుంచి కాంక్రీటు దారులు వేశారు. అందం పోయిందని ఆర్కియాలజిస్టులు చాలామంది గొడవ చేశారు, నాకూ బాధే, కానీ మీ నాన్నగారిలాంటివాళ్ళకి అవే ఆధారం. 2023 సెప్టెంబరు నుంచి రోజుకి 20 వేల మందికే ప్రవేశం, గంటల వారీ టికెట్లు. పొద్దున మొదటి స్లాట్ తీసుకోండి.

బాటసారి_బందరు:
చూశారా, మోకాళ్ళ నొప్పులున్న మనిషి తన వేగంతో నడవాలంటే సొంత ప్రయాణమే కదా! నా వాదన అదే. ఇంకొకటి కూడా చెబుతాను. మైసీనీలో గుంపులన్నీ సింహాలు చెక్కిన కోట ద్వారం దగ్గర ఫొటో దిగి కోట ఎక్కి దిగిపోతాయి. కిందికి అరకిలోమీటరు దూరంలో ఏట్రియస్ నిధి అనే గుమ్మటం సమాధి ఉంది. దానికి చాలా టూర్లు పది నిమిషాలిస్తాయి. గుమ్మం మీది రాయి ఒక్కటే సుమారు 120 టన్నులు. లోపల చీకటికి కళ్ళు అలవాటు పడ్డానికే ఐదు నిమిషాలు పడుతుంది. అప్పుడు గాని రాతి వరసలు ఒకదాని మీద ఒకటి లోపలికి జరుగుతూ శిఖరం దాకా ఎలా కలిసిపోయాయో కనిపించదు. మాట్లాడేవాళ్ళు లేకుండా అక్కడ అరగంట నిలబడాలి. ఏ గైడ్ ఇస్తాడా అరగంట?

పద్మజ_టీచర్:
ఆ అరగంట విషయంలో మీతో పూర్తిగా ఏకీభవిస్తాను బాటసారి గారూ. మైసీనీ, ఎపిడారస్ సొంతంగానే చూడొచ్చు. కట్టడమే కళ్ళ ముందు నిలబడి ఉంది, అదే మాట్లాడుతుంది. నేను పట్టుబట్టేది నేలమట్టమైన చోట్ల గురించి.

ఒలింపియా తీసుకోండి. గ్రీకు దేవతల రాజు జ్యూస్ గుడి భూకంపాలకి కూలి, స్తంభాల ముక్కలు పడ్డవి పడ్డట్టే ఉన్నాయి. చెట్ల కింద అన్నీ రాళ్ళే. స్టేడియంలోకి వెళ్ళే దారి పక్కన వరసగా ఖాళీ రాతి దిమ్మలు కనిపిస్తాయి. ఒకప్పుడు వాటి మీద జ్యూస్ కంచు విగ్రహాలు ఉండేవి. ఆటల్లో మోసం చేసినవాళ్ళు కట్టిన జరిమానాతో చేయించినవి. క్రీ.పూ. 388లో యూపోలస్ అనే బాక్సర్ ప్రత్యర్థులకి లంచమిచ్చి దొరికాడు, మొదటివి ఆ డబ్బుతోనే పెట్టారు. పరుగుకి వెళ్ళే ప్రతి ఆటగాడూ వాటి పక్కనుంచే వెళ్ళాలి. అది తెలియకపోతే ఆ దిమ్మల మీద నీళ్ళ బాటిల్ పెట్టుకుని కూర్చోబోతాం, గార్డు విజిల్ వేస్తాడు.

ఆక్రోపోలిస్ మీది పార్థినాన్ గుడి కూడా అంతే. నిలబడి ఉంది కాబట్టి అర్థమైపోయిందనుకుంటాం. మూలమెట్టు దగ్గర వంగి అంచు వెంబడి చూడమంది మా గైడ్. అరుగు సమతలంగా లేదు! మధ్యలో పైకి ఉబ్బి ఉంది, పొడవు వైపు సుమారు 11 సెంటీమీటర్లు. అటు చివర ఉన్న మనిషి పాదాలు కనిపించలేదు. స్తంభాల్లో అక్కడక్కడ తెల్లగా మెరిసే అతుకుల గురించి అడిగాను. 20వ శతాబ్దం మొదట్లో రిపేరు చేసినవాళ్ళు ఇనుప పట్టీలు వేశారట. తుప్పు పట్టి ఉబ్బి పాలరాయినే పగలగొట్టాయి. ఇప్పుడు వాటిని తీసి టైటానియం వేస్తున్నారు, విరిగిన చోట, అప్పట్లో గుడికి రాయి తెచ్చిన పెంటెలికాన్ కొండ రాయినే చెక్కి అతుకుతున్నారు. నేను అడిగాను కాబట్టి చెప్పింది. ఆడియో గైడ్‌ని అడగలేం.

శ్రావణి గారూ, ఆక్రోపోలిస్ మ్యూజియం పై అంతస్తుకి నాన్నగారిని తప్పకుండా తీసుకెళ్ళండి. పార్థినాన్ శిల్పాల్లో ఏథెన్స్‌లో మిగిలినవి తేనె రంగులో, లండన్ బ్రిటిష్ మ్యూజియంలో ఉన్నవాటి నకళ్ళు తెల్లటి ప్లాస్టరులో, పక్కపక్కనే పెట్టారు. మన అమరావతి స్తూపం శిల్పాలూ ఆ బ్రిటిష్ మ్యూజియంలోనే ఉన్నాయి కదా. విజయవాడ లెక్చరర్ గారికి ఆ తెల్ల ప్లాస్టరు ముందు కాసేపు కుర్చీ కావాలి. అక్కడ గైడ్‌ని కూడా పక్కన పెట్టండి.

శ్రావణి_ఫ్రాంక్‌ఫర్ట్:
నాలుగు రోజుల టూర్ వద్దని మా ఆయన్ని ఒప్పించాను, గైడ్‌కి నేను ఒప్పుకున్నాను. ఆక్రోపోలిస్‌కీ డెల్ఫీకీ లైసెన్సున్న గైడ్‌ని మా నలుగురికే మాట్లాడుకుంటాం. డెల్ఫీకి ముందు రాత్రి అరాహోవాలో మకాం. మైసీనీ, ఎపిడారస్ కార్లో. కొరింథు దారిలో ఆగుతాం జాన్ గారూ. ఒలింపియా దూరం కదా, నాన్న వద్దంటున్నారు.

బాటసారి_బందరు:
డెల్ఫీలో గైడ్‌ని గేటు తీయగానే కాకుండా తొమ్మిదిన్నరకి రమ్మనండి. ముందు ఆ గంటన్నర మీరు నలుగురే థియేటరు మెట్ల మీద కూర్చోండి.

పద్మజ_టీచర్:
తొమ్మిదిన్నరకి బస్సులు దిగుతాయి, గోడ దగ్గర నిలబడే చోటు ఉండదు. ఎనిమిదింటికే రమ్మనండి శ్రావణి గారూ, గైడ్ వెళ్ళిపోయాక ఎంతసేపైనా కూర్చోవచ్చు.