‘పంప్ అప్ ద వాల్యూమ్’: కోసి అతికించిన పాటకు కర్త ఎవరు?

స్వరలేఖ:
‘మార్స్’ (MARRS) అనే బృందం పేరుతో వచ్చిన ఈ సింగిల్ 1987 అక్టోబరులో రిక్ ఆస్ట్లీ పాటను దించి బ్రిటన్ చార్టులో మొదటి స్థానానికి ఎక్కింది. హౌస్ అనే డాన్స్ సంగీతపు బీటు, దానిమీద హిప్ హాప్ స్క్రాచింగ్ (తిరిగే రికార్డును చేత్తో ముందుకూ వెనక్కూ కదిపి చేసే శబ్దం), వేరేవాళ్ల రికార్డుల నుంచి కోసి తెచ్చిన ముక్కలు. వాటిలో ఒక ముక్క ‘రోడ్‌బ్లాక్’లోది. ఆ పాట చేసిన స్టాక్, ఐట్కెన్, వాటర్‌మన్ త్రయం కోర్టుకెళ్లి కొన్నాళ్లు పంపిణీ ఆపించింది. నా దృష్టిలో వాళ్లు చేసింది సబబే. ఒకరి గొంతు వాడుకునే ముందు ఒక్క మాట అడగాలి కదా. అడక్కుండా తీసుకున్నదాన్ని సృజన అని ఎలా మెచ్చుకుంటాం?

బీటుబాట:
స్వరలేఖ గారూ, ఆ ముక్క ఎంతసేపు ఉందో విన్నారా? కొన్ని సెకన్ల అరుపు, అంతే. అది లేకుండానే అమెరికాలో విడుదలైంది. అక్కడా డాన్స్ చార్టులో మొదటి స్థానం, అక్కడి ప్రధాన పాటల చార్టు హాట్ 100లో 13వ స్థానం. పాట ప్రాణం ఆ ముక్కలో లేదు. పాటకు పేరైన ఆ నాలుగు మాటల్లో ఉంది. అవి ర్యాపర్ రకీమ్ నోటివి, అదే ఏడాది డీజే ఎరిక్ బి.తో కలిసి చేసిన ‘ఐ నో యూ గాట్ సోల్’లోవి. ఆ పాటైనా 1971 నాటి బాబీ బర్డ్ పాట మీద కట్టినదే, పేరుతో సహా. కోర్టు గొడవ మాత్రం రకీమ్ కోసమూ కాదు, బర్డ్ కోసమూ కాదు!

‘రోడ్‌బ్లాక్’ సంగతీ చూడండి. చేసినవాళ్ల పేరు లేకుండా, డెబ్బైల నాటి అరుదైన ఫంక్ (లయ ముందుండే నల్లజాతి డాన్స్ సంగీతం) రికార్డు అనుకునేలా వదిలారు. ఆ కాలపు నల్లజాతి సంగీతకారుల ధ్వనిని అచ్చుగుద్దినట్టు తెచ్చుకుంటే తప్పు లేదు, ముక్క కోస్తే దొంగతనం. ఈ లెక్క నాకు మింగుడుపడదు.

రికార్డుపెట్టె:
శైలి వేరు, రికార్డింగు వేరు. ఫంక్ ఎవరైనా వాయించుకోవచ్చు, కానీ కూర్చుని వాయించాలి. రికార్డింగు ఒక మనిషి చెమట. జేమ్స్ బ్రౌన్ ‘ఫంకీ డ్రమ్మర్’లో డ్రమ్మర్ క్లైడ్ స్టబుల్‌ఫీల్డ్ వాయించిన బ్రేక్ (డ్రమ్స్ మాత్రమే మోగే ముక్క) వందల హిప్ హాప్ పాటల్లో తిరిగింది. రచయితగా ఆయన పేరు లేదు కాబట్టి రాయల్టీ రాలేదు. ముక్కలు కోయడాన్ని పండగలా మాట్లాడేవాళ్లు ముందు ఆయన్ని తలుచుకోవాలి. 1991లో, అనుమతి లేకుండా వేరేవాళ్ల పాట ముక్క వాడిన ర్యాపర్ బిజ్ మార్కీ కేసులో అమెరికా జడ్జి తీర్పును ‘దొంగిలించకూడదు’ అన్న బైబిలు ఆజ్ఞతో మొదలుపెట్టింది ఊరికే కాదు.

బీటుబాట:
స్టబుల్‌ఫీల్డ్‌కు జరిగింది ఘోరమే. కానీ అనుమతి అడిగి డబ్బు కట్టినా అది హక్కులున్నవాళ్లకే వెళ్లేది, ఆయన చేతికి కాదు. 1991 తర్వాత జరిగిందీ అదే. డబ్బున్న కంపెనీలు కొనుక్కున్నాయి. పది ఇరవై రికార్డులు కలిపి కుట్టే పాటలు చేయడం మామూలు కళాకారులకు తలకు మించిన భారమైంది. డ్రమ్మర్లకు ఒరిగిందేమిటి?

ఈ పాట విషయంలో నన్ను బాధపెట్టేది ఇంకొకటి ఉంది. ‘మార్స్’ అన్న పేరు మార్టిన్, అలెక్స్, రూడీ, రసెల్, స్టీవ్ల మొదటి అక్షరాలు. కలర్‌బాక్స్, ఏ.ఆర్. కేన్ బృందాల వాళ్లు. రికార్డులు వెతికి, స్క్రాచ్ చేసి ఆ పాటకు రూపమిచ్చిన డీజేలు సి.జె. మాకింటాష్, డేవ్ డోరెల్. ఆ ఐదు అక్షరాల్లో వాళ్లిద్దరూ లేరు. డాన్స్ ఫ్లోర్ మీద జనం ఊగింది ఆ చేతుల పనికి.

స్వరలేఖ:
అయితే మన ఇద్దరి బాధా ఒక్కటే, పని చేసినవాడి పేరు. నేను ‘అడగాలి’ అన్న మాట వదులుకోను. అడగాల్సింది మాత్రం కంపెనీని కాదు, వాయించినవాళ్లని, పాడినవాళ్లని.

రికార్డుపెట్టె:
ఆ డీజేలనీ కర్తలుగా లెక్కేయాలంటే ఒప్పుకుంటాను. అప్పుడు రకీమ్‌నీ లెక్కేయాలి, బర్డ్‌నీ లెక్కేయాలి. బీటుబాట గారూ, దానికి మీరు సిద్ధమేనా?

బీటుబాట:
సిద్ధమే. రకీమ్ పేరు మొదట రాయండి.