సమస్య: నీరు తీసి జలము నింపఁ జెడెను

నిర్వాహకుడు: మిత్రులందరికీ నమస్కారం. ఈ వారం సమస్యగా ఆటవెలది పద్యపు నాలుగో పాదం ఇస్తున్నాను, ముందు మూడు పాదాలు రాసి పూరించండి.

నీరు తీసి జలము నింపఁ జెడెను

తీసిందీ అదే, పోసిందీ అదే. మరి చెడిందేమిటి? అది మీరు చెప్పాలి. బావి ఎండిందనో చెరువు పూడిందనో రాస్తే ఒప్పుకోను, ఆ రెండు మాటల మధ్య తేడా పద్యంలో తేలాలి.

గోదారిగట్టు: బోణీ నాది.

పెండ్లి వారి కొఱకు పెద్దన్న నింపిన
వెండి బుడ్డి మూత విప్పి చూచి
కొంటె పిల్లవాడు గుట్టుగా దాని పన్
నీరు తీసి జలము నింపఁ జెడెను

నిర్వాహకుడు: పాదం చివర ‘పన్’ విరిచి కూర్చోబెట్టడం పాత ఎత్తే, అయినా ఇక్కడ అందంగా కుదిరింది. కొ, గు యతి, అంటే పాదం మొదటి అక్షరానికీ నాలుగో గణం (అక్షరాల గుంపు) మొదటి అక్షరానికీ ఉండాల్సిన పొత్తు, సరిగ్గా పడింది. ఒకటే లోటు: చెడింది ఎవరు? పన్నీరా, పిల్లవాడా, పెళ్ళా? కర్త గాలిలో ఉన్నాడు.

గోదారిగట్టు: పన్నీరు చల్లబోయి నీళ్ళు చల్లితే పెళ్ళివారి మొహాలే చెడ్డాయనుకోండి గురువుగారూ.

డల్లాస్ బావ: ఛందస్సు నేర్చుకుని మూడు నెలలైంది, తిట్టకండి.

వంటపుస్తకమున వదినమ్మ చదివెను
చిత్రమైన జలముల్లి పేరు
కూర పేరు మార్చు కోరిక తోడను
నీరు తీసి జలము నింపఁ జెడెను

చెరువుగట్టు: నీరుల్లి కాస్తా జలముల్లి! మా ఇంట్లో ఇవాళ్టి నుంచి ఇదే పేరు.

నిర్వాహకుడు: ఊహకు నూటికి నూరు. రెండో పాదం మాత్రం కుంటుతోంది బాబూ. ‘చిత్ర’, ‘మైన’ రెండూ హగణాలు, అంటే ఒక గురువు (బరువుగా పలికే అక్షరం), ఒక లఘువు (తేలికగా పలికేది), సరే. మూడోది ‘జలము’ అని న గణం (మూడు లఘువులు) లెక్క వేశారు. కానీ వెనకే ఒత్తున్న ‘ల్లి’ నిలబడి ఉంది కదా, ఆ దెబ్బకు ‘ము’ గురువైపోయింది. అక్కడితో గణం పోయింది, నాలుగో గణం చోటు తప్పి యతీ పోయింది. ఇలా మార్చి చూడండి: ‘ఉల్లి జలము పేర నుండె నందు’. ‘పేరన్ + ఉండె’లోని ఉకారానికి పాదం మొదటి ఉకారంతో యతి.

డల్లాస్ బావ: ధన్యవాదాలు. అంటే విడిగా ఉన్నప్పుడు లఘువైన అక్షరం పక్కింటివాణ్ణి బట్టి గురువవుతుందన్నమాట.

బడిపంతులమ్మ: నాది కాస్త కడుపుమంట పూరణ. ఈ మధ్య పిల్లలు వ్యాసాన్ని ఎక్కడో తీసుకుని, మాటకు మాట మార్చే యంత్రంలో వేసి తెస్తున్నారు. ఒకడి కాగితంలో ‘నోరు జారాడు’ కాస్తా ‘వక్త్రం జారాడు’ అయింది. ‘పెద్దమనిషి’ ఏమో ‘స్థూల మానవుడు’!

కాపి కొట్టినట్టి కాగితమ్మున నొక్క
మాట విడక మరకు మార్చ నిచ్చి
కడుపుకోతఁ దల్లి కార్చిన వేడి కన్
నీరు తీసి జలము నింపఁ జెడెను

నిర్వాహకుడు: అమ్మా, ఇది ఈ వారపు పూరణ. ‘కాపీ’ని ‘కాపి’ చేశారు, వాడుకలో చెల్లుతుంది, వదిలేస్తున్నాను. ఆ మర ‘కడుపుకోత’ను ఏం చేసి ఉంటుందో తలచుకుంటేనే భయంగా ఉంది, ‘ఉదరచ్ఛేదనం’ అంటే తల్లిని ఆపరేషన్ బల్ల ఎక్కించినట్టే. ఇక కన్నీటిలో నీరు తీసి జలం పెట్టి, సంధి సూత్రం ఒప్పుకోకపోయినా సరదాకి కలిపేస్తే ‘కజ్జలం’, ఏడ్చే కంటికి కాటుక.

కావ్యకుతూహలం: మనవి ఒకటి. పర్యాయపదాలు అంత పనికిరానివైతే సంస్కృత పర్యాయపదాల నిఘంటువు అమరకోశం ఎందుకు వల్లె వేయించారు? పైడిపాటి లక్ష్మణకవి తెలుగు మాటలకు అలాంటిదే ఆంధ్రనామసంగ్రహం ఎందుకు రాశాడు?

నిర్వాహకుడు: పనికిరావని నేననలేదే. అమరంలో నీటి పేర్లు ఒకసారి తలచుకోండి: వారి, సలిలం, జలం, పయస్సు, కీలాలం, అమృతం, జీవనం, భువనం, వనం. ఇందులో పయస్సంటే పాలు కూడా, కీలాలమంటే నెత్తురు కూడా. దాహమేసినవాడు ‘కొంచెం వనం ఇప్పించండి’ అంటే ఏమిస్తారు? కవికి ఆ పట్టిక కావలసింది యతి కోసం, ప్రాస కోసం, గణం కోసం. కొన్నిచోట్ల మార్పు హాయిగా ఇముడుతుంది కూడా: జలజం, వారిజం, నీరజం మూడూ తామరే, జలదం, వారిదం, నీరదం మూడూ మబ్బే. అదే ధైర్యంతో ‘నీరాజనం’లోనూ నీరుందనుకుని మర ‘జలాజనం’ అన్నదనుకోండి, హారతి ఆరిపోతుంది.

ఆలంకారికులు దీనికో పరీక్ష పెట్టారు, పేరు పరివృత్తి సహత్వం. మాట తీసి దాని పర్యాయం పెట్టినా అలంకారం నిలిస్తే అర్థాలంకారం, కూలితే శబ్దాలంకారం. ‘చంద్రుడిలాంటి ముఖం’ను ‘జాబిల్లిలాంటి మోము’ చేయండి, ఉపమకు ఏమీ కాదు. గోదారిగట్టు గారి ‘పన్నీరు’ను కదపండి, పూరణే ఉండదు.

కావ్యకుతూహలం: ఒప్పుకుంటున్నాను. అయితే నా పూరణ కూడా యతి మీదే.

పాదమందు యతికి బద్ధమై యున్నట్టి
మాట మార్చ నగునె మంచి కవికి
నిన్న పాడినట్టి నీ పద్యమున నేడు
నీరు తీసి జలము నింపఁ జెడెను

నిర్వాహకుడు: శాస్త్రం ఉంది, కాస్త పొడిగా ఉంది. తడి బడిపంతులమ్మ గారి దగ్గర ఎక్కువ.

చెరువుగట్టు: నేనో తుంటరి పని చేశాను. సమస్యనే తిరగేశాను: ‘జలము తీసి నీరు నింపఁ జెడెను’. నీరు హగణం, జలము న గణం, రెండూ ఈ పాదంలో రావాల్సిన సూర్యగణాలే కాబట్టి గణం చెక్కుచెదరలేదు. కానీ జకు ‘నిం’తో యతి పడదు!

నిర్వాహకుడు: ‘నింపఁ’ బదులు ‘చల్లఁ’ పెట్టండి, జకు చతో యతి కుదిరింది. ‘జలము తీసి నీరు చల్లఁ జెడెను’. వచ్చే వారం సమస్య ఇదే. మొదటి పూరణ చెరువుగట్టుదే కావాలి, తప్పించుకోవద్దు.