‘ప్రౌఢ’ను మళ్లీ నాయికకు ఇద్దామా?

సభ్యులకు నమస్కారం. నలభై దాటిన స్త్రీ చుట్టూ నడిచే సినిమాల మీద వ్యాసం రాస్తున్నానని, ఆ పాత్రను ఏ మాటతో పిలవాలని మొన్న ఒకరు అడిగారు. ‘మధ్యవయస్కురాలు’ అంటే జనాభా లెక్కల కాగితంలా ఉందనీ, ‘పెద్దావిడ’ అంటే ఆమెను కథలో ఒక పక్కన కూర్చోబెట్టినట్లు ఉందనీ వారి ఇబ్బంది. రెండూ నిజమే. నాకు తోచిన మాట ‘ప్రౌఢ’.

కావ్యాల అందచందాలను చర్చించే అలంకారశాస్త్రంలో ముగ్ధ, మధ్య, ప్రౌఢ అని నాయికలు మూడు విధాలు. ముగ్ధలో సిగ్గుదే పైచేయి. మధ్యలో సిగ్గూ కోరికా సమఉజ్జీలు. ప్రౌఢ తన మనసు తాను ఎరిగిన స్త్రీ. ఆమె కూడా నాయికే, నాయికకు తల్లి కాదు! మాట పుట్టుక ప్ర + ఊఢ. వాహనంలో ఉన్న ‘వహ్’ (మోయు) ధాతువే ఇందులోనూ ఉంది. కావ్యాన్ని ప్రౌఢమంటే మెచ్చుకోలు. శ్రీనాథుడు కాశీఖండంలో ఏ వయసులో ఏది రాశాడో వరసగా చెప్పుకుంటూ, భీమేశ్వరుని మహిమను కొనియాడిన దశను ‘ప్రౌఢ నిర్భర వయఃపరిపాకము’, అంటే నిండుగా పండిన వయసు, అన్నాడు. నోరారా చదివి చూడండి, ఎంత నిండైన మాటో! పురుషుడికి అది పంట చేతికొచ్చిన కాలం. నటికి అదే వయసు వస్తే మన సినిమా పేజీలు ‘అలనాటి నాయిక’ అంటాయి. మళ్లీ నటిస్తే ‘సెకండ్ ఇన్నింగ్స్’. అరవై దాటిన నటుడు మాత్రం ‘సీనియర్ హీరో’. ఆయన దగ్గర నుంచి హీరో అన్న మాటను ఎవరూ తీసుకోరు. ఇది నాకు ఎప్పుడూ మనసుకు గుచ్చుకుంటుంది.

హాలీవుడ్‌దీ ఇదే దారి. 1967 నాటి ‘ది గ్రాడ్యుయేట్’ సినిమాలో కుర్రవాణ్ణి వలలో వేసుకునే నడివయసు స్త్రీ మిసెస్ రాబిన్సన్ సొంత పేరు మనకు చివరిదాకా తెలియదు, వినబడేది భర్త ఇంటిపేరే. ఆ పాత్రలో తల్లిదండ్రుల తరం మనిషిగా కనిపించిన యాన్ బాన్‌క్రాఫ్ట్‌కూ, ఆ కుర్రవాడిగా నటించిన డస్టిన్ హాఫ్‌మన్‌కూ నిజానికి ఆరేళ్ల తేడా కూడా లేదు.

ఇప్పుడు పాత్రలు మారుతున్నాయి. 2021లో ఫ్రాన్సెస్ మెక్‌డార్మండ్ 63 ఏళ్ల వయసులో ఆస్కార్ అందుకున్నది వ్యాన్‌లో ఊళ్లు తిరుగుతూ దొరికిన పని చేసుకునే ఒంటరి స్త్రీ పాత్రకు. అదే ఏడాది జీన్ స్మార్ట్‌కు 70 ఏళ్లప్పుడు ఎమ్మీ అవార్డు తెచ్చిన టీవీ పాత్ర, తన వేదికను వదులుకోవడానికి ఇష్టపడని హాస్యకళాకారిణి. 2023లో 60 ఏళ్ల మిషెల్ యో, మీ ప్రాయం దాటిపోయిందని ఎవరు చెప్పినా వినవద్దని ఆస్కార్ వేదిక మీది నుంచే స్త్రీలతో అన్నారు. వీళ్లను ‘తల్లి పాత్రలు’ అనే గంపలో ఎలా వేస్తాం?

ఒక అభ్యంతరం రావచ్చు. అలంకారికుల ప్రౌఢకు పాతికేళ్లే ఉండవచ్చు, ఆ విభజన అంతా శృంగారం కోసం చేసినది. ఒప్పుకుంటాను. అయితే ‘ముగ్ధ’ మాత్రం ఉన్నచోటే ఉందా? ఈరోజు పాట విని ముగ్ధుడైన మనిషిలో ఆ నాయిక సిగ్గు ఏదీ?

వ్యాసం రాస్తున్న మిత్రులకు నా సూచన: మొదటిసారి ‘ప్రౌఢ నాయిక’ అని రాయండి. తర్వాత అంతటా ‘నాయిక’ అనే రాయండి.