పాపకు నాయనమ్మ పేరు ‘యాకమ్మ’ పెట్టాలా, వద్దా?

హన్మకొండ తండ్రి (ప్రశ్న):
పాపకు రెండు నెలలు. తొట్టెలలో వేసే వేడుక అయిపోయింది కానీ పేరు తేలలేదు. నిరుడు పోయిన మా అమ్మ పేరు, యాకమ్మ, పెట్టాలని నాన్న పట్టుబట్టారు. నా భార్య ‘మైరా’ అంటోంది. “యాకమ్మ అంటే అర్థం చెప్పండి, పెట్టేద్దాం” అని ఆమె సవాలు. అర్థం తెలియని పేరు పెట్టవచ్చా? మొహమాటం లేకుండా రాయండి.

కాజీపేట జంక్షన్:
వద్దన్నా. పేరన్నాక అర్థం ఉండాలి, చెవికి ఇంపుగా ఉండాలి. అమ్మ మీద ప్రేమ ఉంటే ఇంట్లో అలా పిలుచుకోండి. ధ్రువపత్రంలో ఎక్కించి పాపను బడిలో నవ్వులపాలు చేయడం ఎందుకు?

పాత బడిపంతులు:
అర్థం లేదని ఎవరన్నారు? పర్వతగిరి మండలం అన్నారం షరీఫ్‌లో యాకూబ్ షావలీ దర్గా ఉంది. పిల్లలు కలగాలనో, కలిగిన పిల్లలు బతకాలనో మొక్కుకుని, మొక్కు తీరాక అక్కడ కందూరు, అంటే మేకను కోసి విందు, చేసి, బిడ్డకు ఆ వలీ పేరే పెట్టుకున్నారు. యాకయ్యలు, యాకమ్మలు, యాకూబ్‌లు అలా వచ్చినవారే. వారిలో హిందువులే బోలెడు మంది. మీ అమ్మగారి కోసం ఆమె తల్లి ఏ మొక్కు మొక్కిందో మీ నాన్నగారిని అడగండి. అసలు అర్థం అక్కడ దొరుకుతుంది.

నిఘంటువు అర్థమే కావాలంటే అదీ ఉంది. యాకూబ్ అరబ్బీలోకి రాకముందు హీబ్రూలో యాకోబ్. కవల అన్న మడమ పట్టుకుని పుట్టాడని బైబిలు ఆదికాండం కథ. అదే పేరు లాటిన్ మీదుగా సాగి ఫ్రెంచిలో జాక్ అయింది, ఇంగ్లీషులో జేమ్స్ అయింది. అంటే మీ అమ్మగారూ ఇంగ్లండు రాజు జేమ్సూ ఒకే పేరింటి వారు!

ఇక మైరా. నెట్టులోని జాబితాల్లో ‘ప్రియమైనది’, ‘అద్భుతం’ అని నోటికొచ్చిన అర్థాలు రాస్తారు. పదహారో శతాబ్దంలో ఒక ఇంగ్లీషు కవి తన పద్యాల్లోని ప్రియురాలి కోసం కల్పించుకున్న పేరది. తప్పు పట్టడం లేదు. కానీ అర్థం లెక్కే తీస్తే ఓడేది యాకమ్మ కాదు.

మన దగ్గర పేర్లు చదివితే గుళ్ల పటం గీయవచ్చు. ఐనవోలును జనం ఐలోని అంటారు. అక్కడి మల్లన్న వల్ల ఐలయ్య, ఐలమ్మ. కొమురవెల్లి మల్లన్న వల్ల కొమురయ్య. ఓదెల మల్లన్న వల్ల ఓదెలు. వేములవాడ రాజన్న వల్ల రాజయ్య, రాజవ్వ. మేడారం జాతర వల్ల సమ్మయ్య, సారయ్య.

ములుగు రోడ్డు:
గణపతిదేవుడి చెల్లెలి పేరు మైలమ. బయ్యారం చెరువు శాసనం వేయించింది ఆమే. ఈనాటి పేర్ల యాప్‌లో వెతికితే ‘మైల’ అని కొట్టిపారేస్తారు కాబోలు.

ఓదెల ఆడపడుచు:
పంతులుగారూ, గుళ్ల పటం బాగుంది. అందులో గడీలు, అంటే దొరల కోటల్లాంటి ఇళ్లు, కూడా గీయండి. మా తాత పేరు ఎల్లయ్య. ఇంట్లో, పెళ్లి పత్రికలో మాత్రమే ఆయన ఎల్లయ్య. గడీ ముందు జీవితాంతం ‘ఎల్లిగా’. ఆయన భార్య రాజవ్వ అక్కడ ‘రాజి’. అయ్య, అవ్వ అన్న తోకలను కోసి పిలవడం దొరల అలవాటు. అందుకే మా తాత కొడుకులకు రాజేందర్, సురేందర్ అని పెట్టుకున్నాడు. సురేందర్‌ను విరిచి ‘గా’ తగిలించడానికి దొరకు కూడా నోరు తిరగలేదట. మీకు ముచ్చటగా కనిపించే పాత పేరు కొన్ని ఇళ్లలో దెబ్బ తగిలిన చోటు. కొత్త పేరు పెట్టుకున్నవారంతా సోకు కోసం పెట్టుకోలేదు.

పాత బడిపంతులు:
కాదనను అమ్మా. కానీ 1946 జూలై 4న కడివెండిలో తూటాకు నేలకొరిగిన దొడ్డి కొమురయ్య, పాలకుర్తిలో పంట దక్కించుకున్న ఐలమ్మ ఈ పేర్లతోనే దొరలను ఎదిరించారు కదా?

ఓదెల ఆడపడుచు:
విగ్రహానికి దండ వేసేటప్పుడు అందరూ ఐలమ్మ అనే అంటారు. బతికుండగా దొరలు అలాగే పిలిచారంటారా?

కాజీపేట జంక్షన్:
సరే, మొక్కు పేర్లు ఒప్పుకుంటాను. మరి పెంటయ్య? కన్నవాళ్లే పెంట అని పెట్టడం ఏం న్యాయం?

ములుగు రోడ్డు:
ముందు పుట్టినవాళ్లు దక్కకపోతే ఆ తర్వాతి బిడ్డను పెంట మీద పడుకోబెట్టి తెచ్చుకుని పెట్టే పేరది. చావుకు కూడా ఏవగింపు కలగాలని. మంగోలియాలో ఇదే భయంతో ‘నెర్‌గుయి’ అని పెడతారు, పేరు లేనివాడని. ‘హున్‌బిష్’ అనీ ఉంది, మనిషి కానివాడని. ఘనాలో ఆకాన్ జనం ఈ తంటా లేకుండా పుట్టిన వారాన్ని బట్టి పెడతారు. శుక్రవారం పుట్టిన మగపిల్లవాడు కోఫీ, శనివారం పుడితే క్వామే. కోఫీ అన్నన్ పేరులో ఉన్నది శుక్రవారమే.

పురపాలక కార్యాలయంలో పనిచేసి విరమించినవాడు:
తొందరేమీ లేదు. పేరు లేకుండానే జననం నమోదు చేయించవచ్చు. ఏడాదిలోపు పేరు చేర్పిస్తే రుసుము ఉండదు. తర్వాతైతే రుసుము కట్టి పదిహేనేళ్ల వరకు చేర్పించవచ్చు. ఒకసారి ఎక్కాక మార్చాలంటేనే అసలు తిరుగుడు. కాబట్టి గొడవ పడాలనుకుంటే ఇప్పుడే పడండి.

హన్మకొండ తండ్రి:
అందరివీ ఇంట్లో చదివి వినిపించాను. జేమ్స్ మాటకు నా భార్య పగలబడి నవ్వింది. ‘ఎల్లిగా’ దగ్గర లేచి వెళ్లిపోయింది. వాళ్ల నాన్న పేరు కూడా అలాంటిదే, నాకు ఇంతకుముందు తోచలేదు. నాన్నను మొక్కు గురించి అడిగాను. అన్నారం వెళ్లి మేనత్తను అడిగితేనే తెలుస్తుందన్నారు. ఆదివారం బయలుదేరుతున్నాం, నా భార్య కూడా వస్తానంది. మైరా మాత్రం ఇంకా పోటీలోనే ఉంది.