తాగుడు మాన్పించడానికి తెలియకుండా గోలీ కలపొచ్చా?

పరకాల_చెల్లె:
మా బావ ఎనుమాముల మార్కెట్‌లో హమాలీ. పొద్దున లేవగానే క్వార్టర్ పడాలి, లేకపోతే బస్తా కాదు కదా చాయ్ గ్లాసు పట్టుకున్నా చేతులు వణుకుతాయి. పోయిన వారం అక్క ఒక మెడికల్ షాపుకు పోతే చీటీ కూడా అడగకుండా డైసల్ఫిరామ్ గోలీలు ఇచ్చారు. పొడి చేసి పప్పులో కలిపితే వారంలో మందు పేరెత్తడన్నారట. గోలీల పట్టీ బియ్యం డబ్బాలో దాచింది, ఇంకా కలపలేదు. చెప్తే ఎట్లాగూ మింగడు. చెప్పకుండా పెడితే తప్పా?

కాజీపేట_కోడలు:
తప్పేం లేదు. నేను పెట్టాను. నాలుగు నెలలు మజ్జిగలో కలిపి ఇచ్చాను. రెండుసార్లు తాగి వాంతులు చేసుకున్నాడు, కల్తీ సరుకు అనుకుని బ్రాండు మార్చాడు (అప్పుడు నవ్వొచ్చింది, నిజం చెప్తున్నా), తర్వాత మానేశాడు. రెండేళ్లయింది. వద్దనేవాళ్లు మా ఇంట్లో ఒక్క రాత్రి పడుకుని చూడాలి.

నైట్‌డ్యూటీ:
క్యాజువాలిటీలో నర్సును. మీ కష్టం కాదనను అక్కా, కానీ మీవారి అదృష్టం బాగుంది. ఈ గోలీ వల్ల మందు తాగాలన్న యావ తగ్గదు. ఆల్కహాల్ ఒంట్లో అరిగేటప్పుడు ఎసిటాల్డిహైడ్ అనే విషం పుడుతుంది. మామూలుగా లివర్ దాన్ని వెంటనే సాఫ్ చేస్తుంది, గోలీ ఆ పనిని ఆపేస్తుంది. అందుకే తాగిన అరగంటలోపే ముఖం ఎర్రబడి, గుండె దడ, వాంతులు. కొందరికి బీపీ పడిపోతుంది. గుండె జబ్బు ఉన్నవాడికి ప్రాణం మీదికే వస్తుంది.

ఒకాయన వచ్చాడు. చొక్కా మొత్తం చెమట, మెడ దాకా ఎరుపు. ఏం మింగావంటే ఏమీ లేదన్నాడు. ఆయనకు తెలియదు కదా! భార్య గోడ పక్కన కొంగు నోట్లో కుక్కుకుని నిలబడింది. గుండెపోటనుకుని మేం పరుగులు పెట్టాం. అరగంటకు ఆమె నోరు విప్పింది.

పైగా ఆఖరిసారి తాగి కనీసం 12 గంటలు కాకుండా ఈ గోలీ ఇవ్వకూడదు. పరకాల చెల్లీ, మీ బావ విషయంలో ఆ 12 గంటలు ఎప్పుడు దొరుకుతాయి?

కాజీపేట_కోడలు:
డాక్టర్ దగ్గరికి వచ్చే మొగుడైతే ఈ గోల ఎందుకు?

ఎనిమిదేళ్ల_చాయ్:
నాకూ మా ఇంటామె కలిపింది. ఒకరోజు చారు గిన్నె అడుగున తెల్లపొడి కనబడింది. ఆ తర్వాత ఏడాది పాటు ఇంట్లో ముద్ద ముట్టలేదు. హోటల్‌లో తినేవాణ్ణి, అక్కడినుంచి సీదా బెల్టు షాపుకు. తాగడానికి నాకు మంచి సాకు దొరికింది.

ఇప్పుడు అదే గోలీ నేనే మింగుతున్నా, డాక్టర్ చీటీతో. పొద్దున చాయ్ తాగాక ఆమె అరచేతిలో పెడుతుంది, ఆమె ముందే వేసుకుంటా, ఆమె క్యాలెండర్‌లో టిక్కు పెడుతుంది. మొదట్లో దొంగ వేషాలు వేయలేదా అంటే వేశాను. మేడారం జాతరకు నాలుగు రోజుల ముందు ఆపేసి, జంపన్నవాగు ఒడ్డున దోస్తులతో ఒక్క బీరు తాగా. ముఖం నిప్పుల్లో పెట్టినట్టయింది. ఆపినా రెండు వారాల దాకా దాని ప్రభావం ఉంటుందని డాక్టర్ ముందే చెప్పాడు, నేనే వినలేదు. కానీ ఏం జరుగుతుందో తెలుసు కాబట్టి సీదా ఆస్పత్రికి పోయా. తెలియకపోతే వేడి చేసిందనుకుని అక్కడే పడుకునేవాణ్ణి.

తాటివనం:
బావ మందు కాకుండా కల్లు తాగితే?

నైట్‌డ్యూటీ:
కల్లులోనూ ఆల్కహాలే కదా. కల్తీ కల్లైతే అందులో అల్ప్రాజోలం లాంటి మత్తు మందులు కూడా కలుపుతారు, అది ఇంకో తిప్పలు. 2015లో నిజామాబాద్ వైపు కల్తీ కల్లు మీద దాడులు చేసి ఒక్కసారిగా ఆపించేసరికి జనం మూర్ఛలతో ఆస్పత్రులకు వచ్చారు. ఏది తాగుతున్నాడో డాక్టర్‌కు చెప్పాల్సిందే.

కాజీపేట కోడలు అక్కా, రానివాడి కోసం ఇంటివాళ్లు ముందు వెళ్లి మాట్లాడొచ్చు. టెలీ మానస్ అని సర్కారు మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ ఉంది, 14416కు ఫోన్ చేస్తే తెలుగులోనే మాట్లాడతారు, పైసా ఖర్చు లేదు.

పరకాల_చెల్లె:
రాత్రి అక్క పట్టీ తీసి బావ ముందే పెట్టింది. "నీకు తెలియకుండా పెడదామనుకున్నా" అని చెప్పేసింది. కొడతాడనుకుని నేను పక్క గదిలోనే ఉన్నా. ఆయన పట్టీని తిప్పి తిప్పి చూసి, గోలీలు లెక్కపెట్టి, "ఎంతయింది?" అన్నాడు. అంతే. మార్కెట్ సెలవు రోజు వరంగల్ ఎంజీఎం ఆస్పత్రికి వస్తానన్నాడు. ఆ రోజు పొద్దున క్వార్టర్ ముట్టనివ్వకుండా తీసుకురావాలా?

నైట్‌డ్యూటీ:
వద్దు. చేతులు వణికేవాడికి ఉన్నట్టుండి ఆపితే ఒకటి రెండు రోజుల్లో ఫిట్స్ రావచ్చు, ఆ తర్వాత మతి తప్పొచ్చు. ఎట్లా ఆపాలో డాక్టర్ చెప్తాడు. ఎప్పటిలాగే రానివ్వండి. వాసన వస్తే ఎవరేమనుకుంటారోనని ఆగిపోవద్దు, తాగుడు మాన్పించే ఓపీకి వచ్చేది అట్లాంటివాళ్లే. ఆ పట్టీ కూడా పట్టుకురండి.