"మళ్ళీ పట్టం కట్టారు" - ఈ మాట ఎన్నికలకి పనికొస్తుందా?

గ్రూపులో ఒకాయన అడిగిన ప్రశ్నకి కామెంట్లో రాస్తే చోటు సరిపోదని విడిగా పెడుతున్నా. ఆయన అడిగింది ఏంటంటే, ఉన్న ముఖ్యమంత్రి రెండోసారో మూడోసారో గెలిస్తే పేపర్లూ టీవీలూ అన్నీ "మళ్ళీ పట్టం కట్టారు" అనే అంటాయి కదా, రాజులు పోయి ఇన్నాళ్ళయ్యాక కూడా ఈ రాచరికం మాట మనకెందుకు అని. కింద చాలామంది తీసేయాల్సిందే అన్నారు. నేను మాత్రం ఉంచాలంటాను.

పట్టం అంటే రాజు నుదుటికి కట్టే బంగారు రేకు. సంస్కృతంలో పట్ట అంటే గుడ్డపేలిక, పలక, రేకు, శాసనం చెక్కిన ఫలకం కూడా. పట్టాభిషేకం, పట్టపురాణి, పట్టపుటేనుగు, చాళుక్య రాజులకి పట్టం కట్టిన ఊరు పట్టదకల్లు అన్నీ ఆ వంశమే. కానీ పొలం పట్టా, ఇళ్ళ పట్టా, డిగ్రీ పట్టా కూడా అక్కణ్ణుంచి వచ్చినవే, ఆ డిగ్రీ ఉన్నోళ్ళు పట్టభద్రులు, వాళ్ళకి విడిగా ఎమ్మెల్సీ సీట్లు. అంటే ఈ మాట కోట దాటి ఎప్పుడో బయటికొచ్చేసింది, రైతు ఇంట్లో ట్రంకుపెట్టెలో దాచుకునే కాగితం దాకా వచ్చింది, ఇంకా రాజుగారిదే అనడం న్యాయం కాదు.

ఇంక "మళ్ళీ" సంగతి. నాకు ఈ పదబంధంలో బాగా నచ్చేది అదే. రాజుకి పట్టం ఒక్కసారే, పోయేదాకా అదే. ఐదేళ్ళయ్యాక జనం దగ్గరికొచ్చి మళ్ళీ కడతారా అని అడిగిన రాజు లేడు. మన శాసనసభకి రాజ్యాంగం 172వ అధికరణ పెట్టిన గడువు మొదటి సమావేశం నుంచి ఐదేళ్ళు, ఆ తర్వాత ఎంత జనాదరణ ఉన్న సీఎం అయినా నామినేషన్ వేయాలి, గెలిస్తే గవర్నర్ ముందు మొదటిసారి చేసినట్టే ప్రమాణం చేయాలి. అక్కడ ఆయన పేరు ముందు పడే మాట ఏంటో గమనించండి, అభ్యర్థి. అభ్యర్థించేవాడు, అంటే అడుక్కునేవాడు అనే కదా. పదేళ్ళు రాష్ట్రాన్ని ఏలినాయన కూడా బ్యాలెట్ మీద అభ్యర్థే. గోడలమీద, కరపత్రాల్లో "మీ అమూల్యమైన ఓటు వేసి అత్యధిక మెజారిటీతో గెలిపించ ప్రార్థన" అని ఉంటుంది చూడండి, "గెలిపించవలసిందిగా" అనకుండా "గెలిపించ" దగ్గరే ఆపేస్తారు, అది పాత తెలుగు క్రియారూపం, నాకు భలే ఇష్టం.

పట్టం కట్టాక విప్పడం కూడా మనవాళ్ళ చేతిలోనే ఉంది, ఇది ఊరికే అనట్లేదు. ఎన్టీఆర్ 1983లో వచ్చారు, 1984 ఆగస్టులో దించేస్తే జనం ఊరుకోలేదు, 1985లో మళ్ళీ ఎన్నికలకెళ్తే 294లో 202 సీట్లు. మళ్ళీ పట్టం అన్న మాటకి ఇంతకంటే నిండైన ఉదాహరణ నాకు తట్టట్లేదు. అదే ఎన్టీఆర్ 1989లో రెండుచోట్ల నిలబడితే హిందూపురంలో గెలిపించి కల్వకుర్తిలో ఓడించారు, పార్టీ 74కి పడింది. చంద్రబాబుకి 1999లో 180 ఇచ్చినవాళ్ళే 2004లో 47 ఇచ్చారు. వైఎస్ 2009లో 156తో రెండోసారి వచ్చారు, మెజారిటీకి కావాల్సింది 148, అంత దగ్గరగా గెలిచినా పట్టం అనే మాట మాత్రం 202కీ 156కీ ఒక్కటే, తూకం తెలీదు దానికి, ఆ లోపం ఒప్పుకుంటా. కేసీఆర్ 2014, 2018 గెలిచి 2023లో గజ్వేల్, కామారెడ్డి రెండుచోట్ల పోటీ చేస్తే కామారెడ్డిలో ఓడారు. ఒడిశాలో 2000 నుంచి వరసగా ఐదుసార్లు గెలిచిన నవీన్ పట్నాయక్‌కీ 2024లో ఇదే జరిగింది, హింజిలిలో గెలుపు, కంటాబంజిలో ఓటమి. ఎన్టీఆర్, కేసీఆర్, నవీన్ ముగ్గురూ రెండేసి చోట్ల నిలబడి, ఒక్కోచోట ఓడి, అధికారమూ పోగొట్టుకున్నారు.

ఒకరు కామెంట్లో "పట్టం ఒక్కడికే కడతారు, ఓటు వేసేది మాత్రం ఎమ్మెల్యేకి కదా" అన్నారు. ఈ అభ్యంతరం గట్టిది, దీనికి నా దగ్గర పూర్తి జవాబు లేదు. అసెంబ్లీ ఎన్నికల్లో సీఎంకి నేరుగా ఓటు లేదు, తెలంగాణలో 119, ఆంధ్రలో 175 వేరువేరు పోటీలు. 2023 ఆగస్టులోనే బీఆర్ఎస్ 115 మంది జాబితా ఇచ్చేసింది, ఎక్కువమంది సిట్టింగులే. "సారు మీద కోపం లేదు, మా ఎమ్మెల్యే మీదే" అన్న మాట ఎన్నికలప్పుడు ఎన్ని ఊళ్ళలో వినపడుతుందో ఆలోచించండి. పైన ఉన్నాయన మీద అభిమానం, కింద ఉన్నాయన మీద చిరాకు, రెండూ ఒకే బటన్‌తో చెప్పాలి. "ప్రభుత్వ వ్యతిరేకత" అనే పత్రికల మాట ఈ రెంటినీ కలిపేస్తుంది, "సిట్టింగ్ మీద వ్యతిరేకత" అనే మాట విడదీస్తుంది, రెండోదే నిజానికి దగ్గరని నాకనిపిస్తుంది. సిట్టింగ్ ఇంగ్లీషు మాటే అయినా పల్లెలో ముసలామె కూడా అనేస్తుంది, దానికి తెలుగు వెతకక్కర్లేదు.

నాకు నిజంగా చిరాకు తెప్పించేది హ్యాట్రిక్. క్రికెట్లో బౌలర్ వరసగా మూడు బంతుల్లో మూడు వికెట్లు తీస్తే అది ఆయన పనితనం. "హ్యాట్రిక్ సీఎం" అనగానే ఓటరు ఆ వాక్యంలోంచి మాయం, అంతా నాయకుడి ఘనతే. "పట్టం కట్టారు"లో కట్టింది ఎవరు? జనం. బహువచనం క్రియలోనే కూర్చుంది. ముచ్చటగా మూడోసారి అన్నా నయమే, కనీసం ముచ్చట పడినవాళ్ళు ఎక్కడో ఉన్నారని తెలుస్తుంది. "అధికారం నిలబెట్టుకున్నారు" అన్నా కర్త నాయకుడే.

అయితే పట్టంకంటే కూడా మంచి మాట మన నోళ్ళలో ఉంది, రాసేవాళ్ళు తక్కువ వాడుతున్నారు. గెలిపించుకోవడం. గెలుచు, గెలిపించు, గెలిపించుకొను. ఇంచు చేరితే పని చేయించింది ఓటరని తెలుస్తుంది, కొను చేరితే ఎవరి కోసమో తెలుస్తుంది. "ఆయన్ని మళ్ళీ గెలిపించుకుందాం" అని మీటింగుల్లో కార్యకర్తలు అంటారు, అరుగుల మీద "తెచ్చుకున్నాం కాబట్టి భరించాలి" అంటారు, రెంటిలోనూ ఆ కొను ఒకటే. ఇష్టంగా తెచ్చుకున్నా బాధ్యత మనదేనని ఆ ఒక్క ప్రత్యయంలో ఇమిడిపోయింది, అందుకే ఉన్న ముఖ్యమంత్రి రెండోసారి గెలిచినప్పుడు "మళ్ళీ గెలిపించుకున్నారు" అని పతాక శీర్షిక పెడితే నాకు పట్టంకంటే ఎక్కువ నచ్చుతుంది.

ఉత్తరాంధ్ర, రాయలసీమ, తెలంగాణ మిత్రులు మీ వైపు దీనికేమంటారో రాయండి, ముఖ్యంగా ఓడిన సీఎంని తర్వాతి ఎన్నికల్లో మళ్ళీ తెచ్చుకుంటే ఏ క్రియ వాడతారో చెప్పండి, 1994లో ఎన్టీఆర్ తిరిగి వచ్చినప్పుడు మీ పెద్దవాళ్ళు ఏమన్నారో గుర్తుంటే అదీ రాయండి.